మాటకు పూచీ ఎవరు?

మన తెలుగులో మాటను గూర్చిన పలుకుబడులు కొన్ని నిదానించి చూడదగినవి. మాట ఇచ్చుట, మాట తీసికొనుట, మాట తప్పుట, మాట నిలుపుకొనుట, మాట మీద నిలుచుట. ఇవి యన్నియు అప్పు పుచ్చుకొనువారికిని తీర్చువారికిని తగిన మాటలు. మన పెద్దలు మాటను గాలిలో కలిసిపోవు ధ్వనిగా మాత్రమే ఎంచలేదు. ఒకని చేతినుండి మరియొకని చేతికి పోవు పత్రమువలె ఎంచిరి. పత్రమునకు సంతకము కావలెను. సంతకము లేని పత్రము ఎంత చక్కని దస్తూరితో వ్రాసినను చెల్లదు. అట్లయిన మాటకు సంతకము ఏది? దానికి పూచీ ఎవరు?

ఇది పాత ప్రశ్నయే గాని మన దినములలో క్రొత్తగా మన వాకిట నిలిచినది. ఏలయనగా ఇప్పుడు యంత్రములు మన మాటలను వినుచున్నవి, వ్రాసికొనుచున్నవి, ఒక భాషనుండి మరియొక భాషకు మార్చుచున్నవి, అడిగినయెడల బదులుకూడ చెప్పుచున్నవి. ఆ మాటలు ఎవరివి?

ఈ ప్రశ్నను ఆలోచించుటకు భిలాయి ఉక్కునగరములోని రుఆబాంధావంటి చోటు తగినది. శ్రీకాకుళము, విజయనగరము, విశాఖపట్టణము ప్రాంతములనుండి పనికి వచ్చి స్థిరపడిన తెలుగు కుటుంబములు ఈ నగరమున అనేకములు కలవు. వీరి యిండ్లలో తరచుగా కనబడు సంగతి యేమనగా, తాత తెలుగులో ఉత్తరము వ్రాసెను. తండ్రి తెలుగు మాటలాడును గాని హిందీలో వ్రాయును. మనుమడు తెలుగు విని హిందీలో బదులు చెప్పును. ఊరిలో మిగిలిన నాయనమ్మకు హిందీ రాదు. వీరిద్దరి మధ్య ఇప్పుడు సెల్‌ఫోను దుబాసీగా కూర్చున్నది. మనుమడు హిందీలో పలుకును, యంత్రము తెలుగులో చెప్పును. ఇది మేలా, కీడా? తొందరపడి తీర్పు చెప్పకుండ, ముందు మనస్సు ఏమి చేయుచున్నదో, యంత్రము ఏమి చేయుచున్నదో చూతము.

చెవి చేయు పని

'రుఆబాంధా' అను పేరునే తీసికొనుడి. 'రు' వెనుక 'ఆ' వ్రాయుదుము గాని అట్లు పలుకము. తెలుగు నాలుక రెండు అచ్చులను ఎడము లేకుండ పక్కపక్కన నిలుపుటకు ఒప్పుకొనదు. నడుమ యకారమునో వకారమునో చేర్చుకొనును. కాబట్టి మన నోట అది 'రువాబాంధా' అగును. విన్నవాడు తడబడడు. అతని చెవి వచ్చిన ధ్వనిని మాత్రమే గాక, పలికినవాని ఊరిని, భాషను, వయస్సును కూడ లెక్కలోనికి తీసికొని, ఇది ఫలాని చోటు అని క్షణములో గ్రహించును.

ఈ నేర్పు ఊయలలోనే మొదలగును. 1984లో జానెట్ వెర్కర్, రిచర్డ్ టీస్ అను పరిశోధకులు కెనడాలో ఆంగ్లము మాటలాడు ఇండ్లలోని శిశువులను పరీక్షించిరి. ఆరు మొదలు ఎనిమిది నెలల పసివారు హిందీలోని 'త'కును 'ట'కును గల భేదమును గుర్తించిరి. పది, పండ్రెండు నెలలు వచ్చుసరికి ఆ శక్తి చాలమట్టుకు తగ్గిపోయెను. అనగా శిశువు సకల భాషలకు తెరచిన చెవితో పుట్టి, తన్ను ఎత్తుకొన్నవారి భాషకు ఆ చెవిని అప్పగించుకొనుచున్నాడు. భాష నేర్చుకొనుట యనగా మొదట ఒక ఇంటివాడగుట.

యంత్రము వినుట వేరు. అది ధ్వని తరంగమును సెకనుకు సాధారణముగా 16,000 మారులు కొలిచి అంకెలుగా మార్చును. సుమారు 25 మిల్లీసెకన్ల చిన్న తునకలుగా దానిని కోసి, ఒక్కొక్క తునకలో ఏ స్థాయి కంపనములు ఎంత బలముగా ఉన్నవో చూచును. తరువాత, ఇట్టి తునకల వరుస ఏ మాటకు చెందుట ఎక్కువ సంభవమో, తాను ముందు విన్న వేలకొలది గంటల మాటలనుబట్టి లెక్కించును. సంభవము ఎక్కువైనదానిని వ్రాయును. హిందీ, తెలుగు, ఛత్తీస్‌గఢీ ఒక్క వాక్యములో కలిసి దొరలు మన వీధి మాట దానికి కష్టమైనది, ఏలయనగా అట్టి మాట అది తక్కువగా విన్నది.

ధ్వనిని గుర్తించుట మనుష్యుని గుర్తించుట కాదని మనకు పాత కథయొకటి తెలుపుచున్నది. న్యాయాధిపతుల గ్రంథములో యొర్దాను రేవులయొద్ద గిలాదువారు పారిపోవువారిచేత ఒకే మాట పలికించి పరీక్షించిరి. 'ష' పలుకలేక 'స' పలికినవాడు ఎఫ్రాయిమీయుడని తేలెను, వాడు చంపబడెను. ఆ కాలమున ఎఫ్రాయిమీయులలో కూలినవారు 42,000 మంది అని గ్రంథము లెక్క చెప్పుచున్నది. అక్కడ చెవి తప్పు చేయలేదు. ధ్వనిని సరిగానే గుర్తించెను. ఎదుట నిలిచిన సహోదరుని మాత్రము గుర్తింపలేదు.

అర్థము చేయు పని

ధ్వని దాటి అర్థమునకు వత్తము. 'అమ్మ వండిన కూర', 'అమ్మ వండిన కుండ', 'అమ్మ వండిన దినము' అని మూడు పలుకులు చూడుడి. 'వండిన' అను మాట మూడింటను ఒక్కటే. అయితే కూర వండబడినది, కుండ వంటకు సాధనము, దినము వంటకు కాలము. ఈ భేదమును తెలుగు వ్యాకరణము ఆ మాటలో ఎక్కడను చెప్పలేదు. వంటయిల్లు ఎరిగిన మనస్సు తానే పూరించుకొనును. హిందీలో ఇదే సంగతి చెప్పవలెనన్న, ఏది దేనిచేత, దేనిలో, ఎప్పుడు అని విడమరచి చెప్పవలసివచ్చును.

ఈ చిక్కును మన దేశపు విద్వాంసులు బాగుగా ఎరుగుదురు. వినీత్ చైతన్య, రాజీవ్ సంగల్ మొదలగువారు ఐఐటీ కాన్పూరులోను, తరువాత హైదరాబాదులోను 'అనుసారక' అను యంత్రానువాద పద్ధతిని పెంపొందించిరి. తెలుగునుండి హిందీకి మార్చుట దాని తొలి పనులలో ఒకటి. పాణిని కారక విచారమును ఆధారము చేసికొని వారు వ్రాసిన గ్రంథము 1995లో వెలువడెను. ఆ పద్ధతిలో నాకు నచ్చిన గుణము దాని నిజాయితీ. మూలములో లేనిదానిని యంత్రము ఊహించి చేర్చదు. మూలము ఎక్కడ మౌనముగా నున్నదో అక్కడ గుర్తు పెట్టి విడిచిపెట్టును. మిగిలిన భారము చదువరి బుద్ధి మోయవలెను. యంత్రమునకు యంత్రపు పని, మనుష్యునికి మనుష్యుని పని.

నేటి యంత్రములు వేరు దారిని నడచుచున్నవి. 2017లో గూగుల్ పరిశోధకులు ప్రకటించిన ఒక పద్ధతి వాటికి పునాది. వాక్యమును చిన్న చిన్న ముక్కలు చేసి, ప్రతి ముక్కను అంకెల వరుసగా మార్చి, ఒక్కొక్క ముక్క తక్కిన ముక్కలలో దేనిని ఎంతగా లక్ష్యపెట్టవలెనో లెక్క కట్టి, తరువాత రాదగిన ముక్క ఏదో నిర్ణయించుట ఆ పద్ధతి. ఈ లక్ష్యపెట్టుటకు వారు పెట్టిన ఆంగ్లపు పేరునకు మన భాషలో 'అవధానము' సరిపోవును. తెలుగు మాటలు ప్రత్యయములు చేరి పొడవగును గనుకను, యంత్రము చదివిన తెలుగు కొంచెమే గనుకను, మన వాక్యము ఆంగ్ల వాక్యముకంటె సాధారణముగా ఎక్కువ ముక్కలగును. బిడ్డ పదమూడేండ్లు వచ్చులోపల సుమారు పది కోట్ల మాటలకు మించి వినడని అంచనా. పెద్ద యంత్రములు నేర్చుటకు లక్షల కోట్ల ముక్కలు చదువుచున్నవి. అంత చదివినందున 'వండిన కుండ'యు 'వండిన కూర'యు వాటికి చాలవరకు తప్పిపోవు.

మన అష్టావధానియు ఎనిమిది వైపుల లక్ష్యము నిలిపి పద్యము చెప్పును. అయితే ఒక భేదము కలదు. అవధాని తడబడినయెడల సభలో తల వంచుకొనును. యంత్రము లేని గ్రంథమునకు పుట సంఖ్య చెప్పినను, దాని స్వరము మారదు. దానికి సిగ్గు లేదు, ఏలయనగా పోగొట్టుకొనుటకు దానికి మాట లేదు.

'మేము' అనవలెనా, 'మనము' అనవలెనా?

అనువాదకుని పని చేసినవారందరు ఎరిగిన ఒక చిక్కు చెప్పుదును. సువార్తలలో సరస్సుపై తుపాను రేగినప్పుడు దోనెలో నిద్రించుచున్న గురువును శిష్యులు లేపి తాము చచ్చిపోవుచున్నామని మొరపెట్టుకొనిరి. గ్రీకు భాషలో ఆ క్రియకు ఒకే రూపము. తెలుగులో ఆ కేకకు కర్తను చేర్చవలెనన్న రెండు దారులు కలవు. 'మేము' అనినయెడల నిద్రించువాడు ఆ అపాయమునకు వెలుపల నున్నాడు. 'మనము' అనినయెడల అందరును ఒక్క దోనెలోనే యున్నారు. వేదాంతము ఒక సర్వనామముమీద నిలిచియున్నది. మూలము తీర్పు చెప్పదు. అనువాదకుడు చెప్పక తప్పదు. చెప్పిన తరువాత సంఘము అడిగినప్పుడు, ఇందుచేత ఈలాగు వ్రాసితినని లేచి బదులు పలుకవలెను.

ఇది గ్రంథములలో మాత్రమే గల చిక్కు కాదు. భిలాయిలో పొరుగువాడు హిందీలో 'హమ్ చలేంగే' అనును. అది 'మేము పోయి వత్తుము' అను సెలవా, 'మనము పోదము రండి' అను పిలుపా? రుఆబాంధాలోని తెలుగు పిల్లవాడు ఆ మనిషి కన్నులు చూచి తెలిసికొనును. యంత్రము పక్కనున్న మాటలను చూచి, ఎక్కువమారులు ఏది వచ్చునో అది ఎన్నుకొనును. తరచుగా సరిపోవచ్చును. అయితే ఒక మనిషిని దోనెలో చేర్చుటయో, వెలుపల విడుచుటయో తరచుదనమునుబట్టి నిర్ణయింపదగిన సంగతియా?

యంత్రమునకు అర్థమగుచున్నదా?

ఇక్కడ తత్వవేత్తలు ఒక వాదము చేయుచున్నారు. 1950లో ఆలన్ ట్యూరింగ్, బదులు చెప్పునది యంత్రమో మనిషియో ప్రశ్నించువాడు తేల్చుకొనలేనప్పుడు దానికి బుద్ధి లేదనుటకు కారణమేమని అడిగెను. 1980లో జాన్ సర్ల్ ఒక ఊహతో ఎదురాడెను. చైనా భాష రాని ఒకడు గదిలో కూర్చుండును. వచ్చిన చైనా అక్షరములకు ఏ అక్షరములు బదులీయవలెనో చెప్పు నియమముల పుస్తకము వానియొద్ద నుండును. వెలుపలివారికి బదులు చక్కగా అందును. లోపలివానికి ఒక్క మాటయు అర్థము కాదు. యంత్రము స్థితి ఇట్టిదే అని సర్ల్ అనెను. ఆ గది యంతయు కలిసి అర్థము చేసికొనుచున్నదని ఇతరులు బదులు చెప్పిరి. వాదము నేటికిని తెగలేదు.

నా మనవి యేమనగా, యంత్రము లోపల ఏమున్నదో తెలియకపోయినను, నీతి విషయములో మనము ఒక మెట్టు ముందుకు పోవచ్చును. 'దానికి అర్థమగుచున్నదా?' అనుదానికంటె 'దాని మాటకు ఎవరు నిలిచెదరు?' అనునది మనకు దగ్గరి ప్రశ్న. మాట యొక్క సంతకము తెలివి కాదు, పూచీ.

భిలాయి చరిత్రయే దీనికి సాక్ష్యము. 1954 జనవరి 7న న్యూయార్కులో ఐబీఎం సంస్థయు జార్జ్‌టౌన్ విశ్వవిద్యాలయమును కలిసి 250 మాటలతో, ఆరు వ్యాకరణ నియమములతో, అరువదికి పైగా రష్యను వాక్యములను యంత్రముచేత ఆంగ్లము చేయించి చూపించిరి. కొద్ది సంవత్సరములలో సమస్య తీరునని అప్పుడు ఆశపడిరి. 1966లో అమెరికాలోని నిపుణుల సంఘమొకటి ఆ ఆశ నెరవేరలేదని నివేదిక యిచ్చెను. ఆ ప్రదర్శన జరిగిన మరుసటి యేట, 1955 ఫిబ్రవరి 2న, భిలాయి కర్మాగారమునకై భారత, సోవియట్ ప్రభుత్వములు ఒడంబడిక చేసికొనెను. 1959 ఫిబ్రవరి 4న రాష్ట్రపతి రాజేంద్రప్రసాద్ మొదటి కొలిమిని ప్రారంభించెను. ఆ నడిమి కాలములో రష్యను మాటను ఇక్కడి పనివానికి చేర్చినది యంత్రము కాదు, నోరుగల దుబాసీలు. కరగిన ఇనుము ఎదుట 'తెరువు' అనుటకు 'మూయు' అనినయెడల ఏమగునో ఊహించుకొనుడి. దుబాసీ మాట తనది కాదు, ఇంజనీరుది. అయినను దుబాసీ ఆ కొలిమి ప్రక్కనే నిలిచియుండెను. అదే అతని సంతకము.

పరుల మాట పలుకుట తప్పు కాదని దీనివలన తేలుచున్నది. వివాహమందు వధూవరులు బోధకుడు చెప్పిన మాటలనే తిరిగి చెప్పుదురు. అవి వారు కల్పించినవి కావు. అయినను చెప్పిన గడియనుండి వారివి. ఎరువు తెచ్చుకొన్న మాటయు, దానిమీద నేను నిలిచెదనని చెప్పినయెడల, నా మాటయే యగును.

అట్లయిన మనుమడు యంత్రపు తెలుగుమీద నిలువలేడా? చిక్కు ఇక్కడనే యున్నది. వాడు ఆ తెలుగును చదువలేడు. తాను హిందీలో 'ఆప్' అని గౌరవముగా అనెను. యంత్రము 'మీరు' అని చెప్పెను. ఉత్తరాంధ్ర పల్లెలో నాయనమ్మను 'నువ్వు' అని పిలుచుటయే ప్రేమ. 'మీరు' అని విన్న ఆ వృద్ధురాలు, ఈ పిల్లడు నాకు పరాయివాడయ్యెనా అని అనుకొనవచ్చును. వానికి ఆ సంగతియే తెలియదు. మన ముందు తరములలో చదువురాని కూలీలు ఎవరో చదివి వినిపించిన కాగితముమీద నమ్మి వేలిముద్ర వేసిరి. అందులో నిజముగా ఏమి వ్రాసియున్నదో వారెరుగరు. అట్టి వేలిముద్రలచేత పొలములు పోగొట్టుకొన్న కథలు మన పల్లెలలో కొదువ కావు. నేడు చదువుకొన్న మనుమడు తన నాయనమ్మ భాషలో వేలిముద్ర వేయుచున్నాడు.

ఏది అప్పగింపవచ్చును, ఏది కూడదు

యంత్రమును నిందించుట నా ఉద్దేశము కాదు. 2022లో భారత ప్రభుత్వము ప్రారంభించిన 'భాషిణి' మన భాషలవారికి సేవలు తమ మాటలోనే అందింపజూచుచున్నది. అదే సంవత్సరము మెటా సంస్థ విడుదల చేసిన అనువాద యంత్రము 200 భాషలను చేపట్టినది. వాటిలో మనకు నీడనిచ్చిన ఈ నేల భాషయైన ఛత్తీస్‌గఢీయు కలదు. చూపులేనివారికి పుస్తకము వినిపించుట, చదువురానివారికి అర్జీ వ్రాసిపెట్టుట చిన్న మేలులు కావు. ఈ మేలును కాదనువాడు దరిద్రుని కష్టము ఎరుగనివాడు.

అయితే మాటలు రెండు విధములు. రైలు ఎప్పుడు వచ్చును, కాగితములో ఏమున్నది అనునవి తెలియజేయు మాటలు. వాగ్దానము, క్షమాపణ, ఓదార్పు, సాక్ష్యము, దీవెన అనునవి కట్టుబడు మాటలు. మొదటివానిని యంత్రమునకు అప్పగింపవచ్చును. మందు మోతాదువంటి ప్రాణాంతకమైన సంగతులయందు ఎరిగినవాడొకడు సరిచూడవలెను. రెండవవానిని అప్పగింపకూడదు. ఏలయనగా వాటిలో సమాచారము కొంచెమే, మనిషియే అధికము. చావు ఇంటికి పోయినవాడు 'ఏమి చెప్పుదునమ్మా' అని కూర్చుండును. ఆ మాటలో తెలియజేయునది ఏమియు లేదు. అయినను ఆ తల్లి దానిని సంవత్సరముల తరబడి మరువదు.

జోసెఫ్ వైజెన్‌బామ్ అను శాస్త్రవేత్త 1966లో 'ఎలీజా' అను చిన్న సంభాషణ కార్యక్రమమును ప్రకటించెను. అది వైద్యునివలె, చెప్పినదానినే ప్రశ్నగా తిప్పి అడుగుచుండెను. ఆ సంగతి బాగుగా ఎరిగిన ఆయన కార్యదర్శియే దానితో మాటలాడుచు, కొంతసేపు గది విడిచి వెళ్లుమని ఆయనను కోరెను. వైజెన్‌బామ్ కలవరపడి, యంత్రము చేయగలిగినను దానిచేత చేయింపకూడని పనులు కలవని 1976లో ఒక గ్రంథము వ్రాసెను. చేయగలదా అనుటకును, చేయింపదగునా అనుటకును గల భేదము ఆయన చూపిన మేలైన సంగతి.

కాబట్టి మనుమడు ఏమి చేయవలెను? మౌనముగా నుండుమని నేను చెప్పను. యంత్రమును వాడనిమ్ము, అయితే దుబాసీగా గాక ఉపాధ్యాయునిగా వాడనిమ్ము. అది చెప్పిన తెలుగును ఇంటిలోని పెద్దలకు వినిపించి, ఇది నాయనమ్మతో అనదగునా అని అడుగనిమ్ము. పది మాటలు తన నోట పలుకనిమ్ము. 'నాయనమ్మా, నువ్వు తిన్నావా, నేను సంక్రాంతికి వస్తాను' అని వాడు వంకర తెలుగులో అనినయెడల, దానిలో తప్పులు ఎన్ని యున్నను అది వాని సంతకము. సంక్రాంతికి రాకపోయినయెడల మాట తప్పినవాడు వాడే, యంత్రము కాదు. మాట తప్పగలవాడు మాత్రమే మాట ఇయ్యగలడు.

ఇంతవరకు యంత్రమును పరీక్షించితిమి. న్యాయముగా మనలనుకూడ పరీక్షించుకొందము. ఇరుగుపొరుగువారి క్షేమము అడుగుచు బదులు వినక సాగిపోవు పలకరింపులు, హృదయము కదలక పెదవులు కదలు ప్రార్థనలు, ఎవరో వ్రాసినది తాను కుస్తీపట్టక చదివివేయు ప్రసంగములు, తరువాత రాదగిన మాట ఏదో అలవాటునుబట్టి లెక్కించి పలుకుటయే గదా! ఆ విషయములో యంత్రము మనలను అనుకరించుటకు ముందే మనము యంత్రములమైతిమి. అది మనకంటె చక్కగా ఆ పని చేయుచున్నందున ఇప్పుడు మనకు మిగిలిన పని స్పష్టమైనది. మాటలు సమకూర్చుట ఇకమీదట అరుదైన విద్య కాదు. పలికిన మాట ప్రక్కన నిలుచువాడే అరుదు.

చదువరీ, నీవు ఈ దినము ఎవరికైనను పంపిన మాటలలో, దానిని పట్టుకొని రేపు ఒకడు నీ తలుపు తట్టినయెడల, 'అవును, అది నా మాటయే' అని తలుపు తీయగలిగినవి ఎన్ని?